కోసిన వేళ్లు

అబ్దుల్ హమీద్ కిట్ బ్యాగు అడుగుదాకా ఖాళీ చేసేసరికి అక్కడ పది వేళ్లూ కోసేసి ఉన్నాయి.

అప్పటిదాకా చేతులు వాటి పాటికవి పనిచేసుకుపోతున్నాయి. మోకాలి పట్టీ, మేజోళ్లు, పళ్ల మధ్య బిగించే రబ్బరు ముక్క, ఎనభై ఒకటో నంబరు జెర్సీ. ఒక్కొక్కటే తీసి చాప మీద పరచడం, అన్నీ ఉన్నాయనుకున్నాక మళ్లీ ఎక్కడివక్కడ సర్దడం. తొమ్మిది సీజన్లుగా మ్యాచ్ రోజు పొద్దున అతను చేసే మొదటి పని ఇదే. గ్లవ్స్ అడుగున ఉంటాయి. వాటిని ఎప్పుడూ చివర తీస్తాడు. ఇవాళ తీసి కిటికీ వెలుతురులో పట్టుకున్నాడు. అరచేతులు బాగానే ఉన్నాయి. వేళ్లకు కొసలు లేవు. మొదటి కణుపు దగ్గర ఒక్కో వేలినీ ఎవరో తెగ్గోశారు.

హమీద్ ముందు గదిలోకి కేకేశాడు.

"ఆసిమా!"

ముందు గదిలో కుట్టుమిషను ఆగింది. అతని భార్య ఆసిమా మెడలో టేపుతోనే వచ్చి గ్లవ్స్ అందుకుంది. జాకెట్లు కుట్టే మనిషి, ముందు అంచు చూసింది.

"కత్తెర కాదు. కత్తెరతోని కోస్తె అంచు సక్కగుంటది. ఇది చూడు, పీలికలు పీలికలు. బ్లేడో, చాకో. ఎవలో గుంజి గుంజి కోసిన్రు."

"ఎవలు కోస్తరే?"

"నన్నడుగుతె? నిన్న బ్యాగు ఏడున్నది?"

మంచం మీద నుంచి అతని తల్లి అక్బరీ బేగం లేచి కూర్చుంది. "నజర్ కొట్టింది రా బేటా, పాడు దిష్టి. నిన్న బజార్ల గంత పెద్ద దండ ఎందుకేసుకున్నవ్? ఒక్క పువ్వు పెట్టుకుంటె సరిపోకపోవునా?"

"అమ్మీ, నజరుకు చాకు ఉండదు."

హమీద్ నిన్నటి సాయంత్రాన్ని వెనక్కి తిప్పి చూసుకున్నాడు. ప్రాక్టీసు. డ్రెస్సింగ్ రూములో అరుగు మీద బ్యాగు. స్నానానికి వెళ్లినప్పుడు అది అక్కడే ఉంది, పక్కన అందరూ ఉన్నారు. ఆ తర్వాత, ఒకప్పుడు తను హమాలీగా పనిచేసిన లక్ష్మీపురం పండ్ల మార్కెట్లో సన్మానం. అక్కడ ఉన్నంతసేపూ బ్యాగు అప్పటి జోడీ ఎల్లస్వామి భుజానికే వేలాడింది, అంటే భద్రంగానే ఉన్నట్టు. తర్వాత ఇల్లు. రాత్రంతా తలగడ పక్కనే.

డ్రెస్సింగ్ రూమే. ఇంకెక్కడా కాదు.

ఆ గ్లవ్స్ వరంగల్‌లో దొరకవు. హైదరాబాద్‌లో వెతికినా దొరకవు. అరచేతివైపు జిగురులాంటి పూత ఉంటుంది. వేళ్ల కొసల దగ్గర అది మరీ మందం. తడిసిన బంతి కూడా అతుక్కుంటుంది. క్లబ్బు సీజన్‌కు ఒక్క జతే ఇస్తుంది. హమీద్ వాటిని ఆసిమా పట్టు జాకెట్లకు వాడే సబ్బుతో ఉతికి నీడన ఆరేస్తాడు.

అతను ఆడేది అమెరికన్ ఫుట్‌బాల్. బంతి రెండు కొసలా మొనదేలి ఉంటుంది. మార్కెట్ వాళ్లు దానికి దోసకాయ అని పేరు పెట్టారు. వెనక నుంచి ఒకడు విసురుతాడు. అవతలి జట్టు అడ్డం పడుతుంటే తప్పించుకుని ముందుకు పరుగెత్తి, అది నేల తాకకముందే పట్టుకోవాలి. ఆ పట్టుకునేవాడే వైడ్ రిసీవర్. పట్టిన మరుక్షణం ఎవడో వచ్చి ఎద్దులా గుద్దుతాడు. గుద్దినా వదలకూడదు.

హమీద్ అలాంటి రిసీవర్, కానీ పెద్ద రిసీవర్ కాదు. తొమ్మిది సీజన్లలో అతనికి ఎక్కువగా దక్కింది ఎర పని. కుడివైపు ప్రాణం పోయేలా పరుగెత్తితే ఇద్దరు అతని వెంటపడతారు; ఆ సందులో ఎడమవైపు ఇంకొకడు హాయిగా బంతి పట్టుకుంటాడు. చప్పట్లు వాడికి. మర్నాడు పేపర్లో ఫొటో వాడిది. ఒకసారి మాత్రం హమీద్ కూడా ఫొటోలో పడ్డాడు, వెనక నుంచి. ఆసిమా దాన్ని మిషను పైన గోడకు అంటించింది. ఎనభై ఒకటి అంకె, ఒక చెవి కనిపిస్తాయి. ఆటలో అతనికి మిగిలిన గుర్తులు ఎక్కువగా ఒంటి మీదే ఉన్నాయి. వంకరగా అతికిన ఎడమ చిటికెన వేలు. కుడి భుజం ఎముక మీద గోలీకాయంత బుడిపె. మెట్లు దిగేటప్పుడు కటకటలాడే మోకాలు.

అయినా ఈ ఆట లేకుండా అతను బతకలేడు. ఎందుకంటే చెప్పలేడు కూడా. బంతి గాల్లో ఉన్న ఆ కాసేపు మాత్రం తను ఎవరికీ ఎర కాదనిపిస్తుంది.

ఇప్పుడదే పోయేలా ఉంది. పోయిన వారం పుణెలో మూడు బంతులు జారవిడిచాడు. కోచ్ రమాకాంత్ తిట్టలేదు, అదే భయం. తిరుగు ప్రయాణంలో పక్కన కూర్చుని, "హమీదూ, నిన్ను తెచ్చింది నేనే. తీసేసే పాపం గూడ నాతోనే చేయించకు. వరంగల్ మ్యాచ్‌ల పట్టు. పట్టలేదా, వచ్చే సీజన్ నీ పేరుండదు," అన్నాడు.

వరంగల్‌లో లీగు మ్యాచ్ జరగడం ఇదే మొదటిసారి. సొంత ఊరు. నాగపూర్ జట్టు మీద. గెలిస్తే స్టేడియం గేటు నుంచే బస్సెక్కి సికింద్రాబాద్, అక్కడ నుంచి కలకత్తాలో సెమీఫైనల్. ఓడితే సీజన్ ముగిసినట్టే. హమీద్‌కు ఆటే ముగిసినట్టు.

ఆసిమా పెట్టిన సర్వపిండి ముక్క నోట్లో పెట్టుకుని, కోసిన గ్లవ్స్ జేబులో కుక్కుకుని ఆటో ఎక్కాడు.

డ్రెస్సింగ్ రూములో భానుచందర్ బెంచీ మీద కూర్చుని కాలికి చుట్టుకునే పట్టీలు కోసుకుంటున్నాడు. బ్లేడుతో.

డోర్నకల్ రైల్వే క్వార్టర్ల కుర్రాడు. ఇరవై రెండేళ్లు. మేకపిల్లలా దూకుతాడు. హమీద్ తప్పుకుంటే ఆ చోటు అతనిదే, ఆ సంగతి జట్టులో అందరికీ తెలుసు. హమీద్ తిన్నగా వెళ్లి గ్లవ్స్ అతని ఒళ్లో పడేశాడు.

"ఇది నీ పనేనా?"

భానుచందర్ వాటిని తిప్పి చూశాడు. "అరె! ఎవడన్నా గిట్ల చేసింది?"

"బ్లేడు నీ చేతులనే ఉన్నది గద!"

హమీద్ అతని కాలరు పట్టుకున్నాడు. బెంచీ వెనక్కి పడింది. బంతి విసిరే హరికృష్ణ వచ్చి ఇద్దరి మధ్యా దూరాడు. భానుచందర్ విదిలించుకుని, జెర్సీ సర్దుకుని, హమీద్ కళ్లలోకి చూశాడు.

"నీ గ్లవ్స్ కోసి నాకేమొస్తదన్నా? మంచి గ్లవ్స్ ఏసుకున్నప్పుడే పుణెల మూడు పడేస్తివి. నిన్ను తీసెయ్యనీకి నాకు బ్లేడెందుకు, జర ఓపికుంటె చాలదా?"

గదంతా ఘొల్లుమంది. హమీద్ చెవులు కాలిపోయాయి. నిజమే.

భానుచందర్ తన సంచిలో వెతికి ఒక జత విసిరాడు. "ఇగో, నా పాత జోడు. నీకు జర బిగుతైతయ్. ఏసుకో, మల్ల ఏడ్వకు."

బిగుతే. వేళ్లు పూర్తిగా ముడుచుకోవడం లేదు. హమీద్ కోసిన జతను మళ్లీ జేబులో కుక్కుకుని, ఈ జతతోనే మైదానంలోకి వెళ్లాడు.

గ్యాలరీలో సగం జనానికి ఆట తెలియదు. ఒక మూల మాత్రం పండగలా ఉంది. మార్కెట్ వాళ్లు లారీ కట్టుకుని వచ్చారు. హమాలీలు, పండ్లమ్మే ఆడవాళ్లు, లారీ డ్రైవర్లు. అందరికీ ముందు, తలకు తువ్వాలు చుట్టుకుని, ఇనుప కంచె పట్టుకుని ఎల్లస్వామి.

హమీద్‌ను మనిషిని చేసింది ఎల్లస్వామే అంటారు మార్కెట్లో. స్టేషన్ ఘన్‌పూర్ పక్క ఊరి మనిషి. ఎండాకాలం వస్తే పుచ్చకాయల లారీ పైన అతను, కింద హమీద్. పైనుంచి ఎల్లస్వామి కాయ విసురుతాడు. కింద హమీద్ పట్టి, నడుము తిప్పి, పక్కవాడికి అందించి మళ్లీ తిరిగేసరికి ఇంకో కాయ గాల్లో ఉంటుంది. ప్రతిసారీ తల ఎత్తి చూసే వీలుండదు. అందుకని కాయ చేతిని వదిలే క్షణంలో పైవాడు "హోయ్!" అని కూత పెడతాడు. కూత వినపడగానే కిందివాడి చేతులు తెరుచుకోవాలి. చూపుతో పని లేదు. కాయ వచ్చి ఒళ్లో వాలుతుంది. "కాయను ఆపకు తమ్మీ. ఆపితె పగుల్తది. కాయతోని నువ్వు గుడ కిందికి పో," అని మొదటి రోజు చెప్పాడు ఎల్లస్వామి. ఎనిమిది ఎండాకాలాలు అలాగే గడిచాయి. ఇద్దరూ కలిసి లారీ దించితే ఒక్క కాయ పగిలేది కాదు. పక్క లారీల వాళ్లు పని ఆపి చూసేవారు.

రమాకాంత్ అలాగే చూశాడు. జట్టుకు పుచ్చకాయలు కొనడానికి వచ్చి, కొనడం మరిచిపోయి ఎండలో నిలబడ్డాడు. చివరికి దగ్గరికి వచ్చి, "ఉరుకుడొస్తదా?" అని అడిగాడు హమీద్‌ను. అంతే. మరుసటి వారం నుంచి లారీ కింద హమీద్ లేడు.

విజిల్ మోగింది.

మొదటి సగంలో హమీద్‌కు బంతి వచ్చింది ఒక్కసారే. దగ్గరలో ఎవరూ లేరు. అతన్ని అడ్డుకోవాల్సిన నాగపూర్ కాపలాదారు కాలు జారి పడ్డాడు. హమీద్ వీపు చూపిస్తూ దూసుకుపోతున్నాడు. హరికృష్ణ చేయి వెనక్కి లాగి విసిరాడు.

"హోయ్!"

మార్కెట్ వాళ్ల మూలంతా ఒక్క గొంతుతో అరిచింది. ప్రేమతోనే. విసిరే చేతిని చూస్తే వాళ్ల నోటికి ఆ కూత దానంతటదే వస్తుంది. అంతకంటే ప్రేమగా హమీద్ చేతులు దాన్ని విన్నాయి. లారీ పైనుంచి కాయ వాలడానికి ఊపిరి పీల్చుకునేంత సమయం. మైదానంలో బంతి రావడానికి దానికి మూడింతలు. చేతులు లేచాయి, తెరుచుకున్నాయి, ఏమీ రాక ముడుచుకుపోయాయి. అప్పుడొచ్చింది బంతి. బిగుతు గ్లవ్స్ కొసలకు తగిలి, ఎగిరి, గడ్డి మీద దొర్లింది.

రమాకాంత్ అతన్ని పిలిచి బెంచీ చూపించాడు. భానుచందర్ హెల్మెట్ పెట్టుకుంటూ లోపలికి పరుగెత్తాడు.

విరామంలో హమీద్ కంచె దగ్గరికి వెళ్లాడు.

"ఏంది తమ్మీ!" ఎల్లస్వామి కంచె సందులోంచి చేయి చాచాడు. "చేతులకొచ్చింది గద, గట్లెట్ల వదిలినవ్?"

"మీరు హోయ్ అనవడ్తిరి. చేతులు లారీ అనుకున్నయన్నా. ఇగ అరవకుండ్రి, దండం పెడ్త."

పక్కనే ఉన్న రాజక్క గిన్నెలో పుచ్చకాయ ముక్కలు పెట్టుకుని అమ్ముతుంది. ఆమె నోరు మార్కెట్లో అందరికీ హడలు. "ఇన్నరా? మనమే ముంచినం పిలగాన్ని. ఇగ ఎవలన్న నోరు తెరిస్తె చెప్పుతోని కొడ్త! ఎల్లిగా, నీకే చెప్తాన, నీదే పెద్ద నోరు!"

అందరూ నవ్వారు. ఎల్లస్వామి నవ్వలేదు. హమీద్ చేతుల వైపు చూస్తున్నాడు.

"గవి నీయి కావు గద?"

"నాయి ఎవడో కోసిండన్నా. పది వేళ్లు."

"ఎవడు?"

"తెలిస్తె ఊకుంటనా? వాని చేతులిరగ్గొడ్దును."

ఎల్లస్వామి తల మీది తువ్వాలు తీసి ముఖం తుడుచుకున్నాడు. మెడ తుడుచుకున్నాడు. మళ్లీ ముఖం తుడుచుకున్నాడు. "ఎండ బాగున్నది. నీళ్లు తాగు పో," అన్నాడు.

రెండో సగం మధ్యలో ఉండగా భానుచందర్ పడ్డాడు. గాల్లోకి ఎగిరి బంతి పట్టాడు, కిందికి వచ్చేటప్పుడు మడమ మెలిక పడింది. ఇద్దరు మోసుకొచ్చి బెంచీ మీద పడుకోబెట్టారు. నొప్పితో పళ్లు కొరుక్కుంటూనే హమీద్‌ను చూసి, "అన్నా, ఓపిక నీకు పనికొచ్చింది," అన్నాడు.

రమాకాంత్ బెంచీ అంతా చూశాడు. రిసీవర్ ఇంకెవరూ లేరు.

"హమీదూ, పో. ఎరకే. బంతి నీకు రాదు. ఇద్దర్ని గుంజుకపో, గంతే."

హమీద్ లేచాడు. బిగుతు గ్లవ్స్ పంటితో లాగి పారేశాడు. జేబులోంచి తన జత తీసి తొడుక్కున్నాడు. కోసిన కొసల్లోంచి పది వేళ్లూ బయటికి వచ్చాయి, పచ్చిగా, ఏ తొడుగూ లేకుండా. వంకర చిటికెన వేలు కూడా.

వెళ్లగానే ఎర పని చేశాడు. కుడివైపు పరుగు, ఇద్దరు వెంట. మళ్లీ కుడివైపు. మూడోసారి హరికృష్ణకు దారి లేకపోయింది. మీద పడుతున్నవాడిని తప్పించుకుంటూ కనిపించిన మనిషికి విసిరాడు. ఆ మనిషి హమీద్. చిన్న విసురు. బంతి వేళ్ల కొసలకు తగలగానే తోలు మీది గరుకు, పక్కన కుట్టు, అది తిరుగుతున్న వైపు, అన్నీ ఒక్కసారిగా తెలిశాయి. తొమ్మిదేళ్లలో బంతి ఎలా ఉంటుందో అతనికి ఇంత బాగా తెలిసిన రోజు లేదు. పట్టాడు. ఎవడో వచ్చి గుద్దాడు. వదల్లేదు.

బెంచీ మీది నుంచి భానుచందర్ కేక వేశాడు. "అరె అన్నా! గా దిక్కుమాలిన గ్లవ్సే మంచిగున్నయ్ గదనే!"

సూర్యుడు గ్యాలరీ పైకప్పు వెనక్కి దిగాడు. నాగపూర్ నాలుగు పాయింట్లు ముందుంది. ఇక బంతి విసరడానికి ఒక్క అవకాశమే మిగిలింది. ఆరు పాయింట్లు తెచ్చే టచ్‌డౌన్ కావాలి. బంతి పట్టి ఆ చివరి గీత దాటాలి. లేకపోతే బస్సు ఖాళీగా వెళ్లిపోతుంది.

జట్టంతా గుండ్రంగా వంగింది. హరికృష్ణ ఊపిరి తిప్పుకోకుండా చెప్పాడు. బంతి ఎడమవైపు పొడుగ్గా ఉండే యాకూబ్‌కు. హమీద్ కుడివైపు, ఎర.

హమీద్ గీత మీద నిలబడ్డాడు. ఎదురుగా నాగపూర్ కాపలాదారు, తొడలు దుంగల్లా ఉన్నాయి. వాడు హమీద్ చేతులే చూస్తున్నాడు. కాపలాదారులు చూసేది బంతిని కాదు. రిసీవర్ తల ఎప్పుడు వెనక్కి తిరుగుతుంది, చేతులు ఎప్పుడు లేస్తాయి, అదే చూస్తారు. దాన్నిబట్టి బంతి వస్తోందని కనిపెడతారు.

కదిలారు. హమీద్ దూకాడు. భుజం తగిలించి తప్పించుకుని మైదానం పక్క గీత వెంబడి పరుగు. వెనక ఏం జరుగుతోందో తెలియదు. యాకూబ్ పడిపోయాడనీ, ముగ్గురు హరికృష్ణ మీదికి వస్తున్నారనీ, అతను వెనక్కి వెనక్కి పోతున్నాడనీ తెలియదు. స్టేడియం మొత్తం ఊపిరి బిగబట్టింది. రాజక్క చెప్పు భయానికి మార్కెట్ మూల కూడా నోరు నొక్కుకుంది.

ఆ నిశ్శబ్దంలో ఒక్క గొంతు.

"హోయ్!"

హమీద్ ఆ గొంతును ఎక్కడున్నా గుర్తుపడతాడు. ఎనిమిది ఎండాకాలాలు దాని కిందే నిలబడ్డాడు.

చేతులు లేవబోయాయి. పళ్లు బిగించి వాటిని కిందికే ఉంచాడు. తల తిప్పలేదు. బంతి గాల్లో ఉంది. తన కోసమే. ఆ సంగతి తనకు తెలుసు, పక్కనే పరుగెత్తుతున్న దుంగ తొడలవాడికి తెలియదు. వాడు హమీద్ చేతులు చూశాడు. లేవలేదు. తల చూశాడు. తిరగలేదు. అయితే బంతి ఇటు రావడం లేదు అనుకుని వాడు ఒక్క అడుగు నెమ్మదించాడు.

ఆ ఒక్క అడుగే కావాలి.

లారీ పైనుంచైతే ఇప్పటికి వచ్చేసేది. కాదు, ఇంకా. ఇంకా పరుగు. మోకాలు కటకటమంది. ఇంకా. అప్పుడు తలెత్తాడు. భుజం పైనుంచి గోధుమరంగు మరక ఒకటి గిరగిర తిరుగుతూ దిగుతోంది. రెండు చేతులూ చాచాడు. కొసలకు తోలు తగిలింది. ఆపలేదు. దానితోపాటే కిందికి పోయాడు. చేతులు, భుజాలు, నడుము, మొత్తం మనిషి. బంతిని కడుపులోకి దించుకుంటూ గీత అవతల బోర్లా పడ్డాడు. వీపు మీద ఎవడో పడ్డాడు. వాడి మీద ఇంకొకడు. నోట్లో గడ్డి, మట్టి.

ఒక్కొక్కరే లేచారు. అంపైరు వంగి చూశాడు. బంతి హమీద్ కడుపు కింద, పది వేళ్ల మధ్య ఉంది.

అంపైరు రెండు చేతులూ పైకెత్తాడు.

తర్వాత ఏం జరిగిందో హమీద్‌కు ముక్కలు ముక్కలుగానే గుర్తుంది. ఎవరో భుజాల మీదికి ఎత్తారు. భానుచందర్ ఒంటికాలి మీద గెంతుతూ వచ్చి అతని హెల్మెట్‌ను గుద్దాడు. కంచె దూకి వచ్చిన రాజక్క అతని నోట్లో పుచ్చకాయ ముక్క కుక్కింది. ఆసిమా గ్యాలరీ మెట్ల మీద నిలబడి రెండు చేతులతో నోరు మూసుకుంది, కళ్లు మాత్రం మూసుకోలేదు. అక్బరీ బేగం పక్కనున్న వాళ్లందరికీ చెప్తోంది: "నాకు మొదాల్నే ఎరుక. నజర్ తీసే పంపిన."

రమాకాంత్ చివరికి వచ్చాడు. భుజం మీద చెయ్యి వేశాడు. "వచ్చే ఏడు గుడ మమ్ముల సతాయిస్తవన్నమాట," అన్నాడు. కళ్లు తుడుచుకోవడానికి టోపీ కిందికి లాక్కున్నాడు.

గేటు దగ్గర బస్సు ఇంజను ఆడుతోంది. ఆటగాళ్లు ఎక్కుతున్నారు. హమీద్ తల్లి చేతులు పట్టుకుని, ఆసిమాకు చెప్పాల్సినవి చెప్పి, మెట్టు మీద కాలు పెట్టాడు. అప్పుడు కనిపించాడు ఎల్లస్వామి. గుంపుకు దూరంగా, స్టేడియం గోడను ఆనుకుని, చంకలో ఒక పుచ్చకాయతో.

"ఎల్లన్నా! గాడెందుకు నిలబడ్డవ్? రా!"

ఎల్లస్వామి వచ్చి కాయ చేతికిచ్చాడు. "తొవ్వల తినుండ్రి."

"నువ్వు కూత పెట్టకుంటె అయిపోతుండె అన్నా." హమీద్ మాటలు ఒకదాని మీద ఒకటి పడుతున్నాయి. చేతులెత్తి చూపించాడు. "గీ గ్లవ్స్ చూడు! కొసలు లేకనే పట్టిన. కోసినోడెవడో గని, ఇప్పుడు దొరికితె ముద్దు పెట్టుకుంట."

"నేనే," అన్నాడు ఎల్లస్వామి.

హమీద్ నవ్వాడు. తర్వాత నవ్వు ఆగింది. తర్వాత కాయను చంకలో ఇరికించుకుని, రెండో చేత్తో ఎల్లస్వామిని పట్టుకుని గట్టిగా దగ్గరికి లాక్కున్నాడు. ఎల్లస్వామి ఛాతీ మీద చేయి పెట్టి అతన్ని నెట్టాడు.

"ఆగు. నన్ను కావలిచ్చుకోకు. మొత్తం ఇను, ఇన్నంక నీ ఇష్టం. ఇప్పుడు మన కాడ పోరగాళ్లు ఉత్త చేతులతోని పట్టరు తమ్మీ, తోటపని గ్లవుజులు ఏసుకుంటాన్రు. ఏసుకునే ముందు కొసలు కోస్తరు. కొస బయటుంటెనే కాయ ఎరుకైతది, లేకుంటె జారుతది. నువ్వు పుణెల పడేసినవని ఇన్నప్పటి సంది నాకు అదే మనాది. నిన్న నీకు దండేస్తాంటె, బ్యాగు నా భుజానికే ఉండె. తీసి చూసిన. కొసలకు అంత మందం రబ్బరు. గిదే నా తమ్ముని చేతులకు గంతలు కట్టిందనుకున్న. కాయ కోసే చాకుతోని మొదటి వేలు కోసిన. అది నీ కోసమే, నా బిడ్డల మీద ఒట్టు. రెండోది గుడ నీ కోసమే. మూడోది కోసేటప్పుడు మతిలకొచ్చింది. ఒకాల్ల గివి కరాబైతె? నువ్వు ఇయ్యాల పడేస్తవు. పడేస్తె నిన్ను తీసేస్తరు. తీసేస్తె రేపు పొద్దుగాల లారీ కింద నువ్వుంటవు. నువ్వు పోయినంక ఎంతమంది నిలబడ్డరో ఎరికేనా గాడ? హోయ్ అంటె తల ఎత్తి చూస్తరు. ఒక్కనికి గుడ నా కూత మీద నమ్మకం లే. గా సోయి వచ్చినప్పుడు నా చెయ్యి ఆగాలె తమ్మీ. మంచోనిదైతె ఆగుతుండె. ఆగలే. ఇంక జోరు జోరుగ కోసిన. ఇయ్యాల నువ్వు మొదాలు పడేసినప్పుడు... అందరు అయ్యో అన్నరు, నేను గుడ అన్న. గని లోపల అనలే. ఆఖరికి గూడ, అరవొద్దని నువ్వు చెప్పినంక గుడ హోయ్ అన్న. పట్టాల్నని అన్ననా, పడెయ్యాల్నని అన్ననా? నువ్వు పట్టినంక అందరికన్న ఎక్కువ ఎగిరింది నేనే, రాజక్కనడుగు. ఎగురుకుంటనే ఏడ్చిన. నువ్వు పో, బస్సాయన పిలుస్తాండు. ఎన్ని వేళ్లు నీ కోసం కోసిన్నో, ఎన్ని నా కోసం కోసిన్నో నాకే తెల్వదు తమ్మీ. గని పది కోసింది మాత్రం నేనే."